శూన్యం తెలిసిన మాంత్రికుడు

పోయిన సెమిస్టర్‌లో ఒకరోజు పొద్దున్నే అమ్మ ఫోన్ చేసింది. తార్నాక చౌరస్తాలో ఉందట, వెంటనే రమ్మంది. హాలియాలో తెల్లవారుజామున బస్సెక్కి, ఎల్‌బీ నగర్‌లో దిగి, ఉప్పల్ మీదుగా ఒక్కతే వచ్చింది. ఇంట్లో ఎవరికి ఏమైందో అనుకుంటూ ఓయూ క్యాంపస్ హాస్టల్ నుంచి ఇఫ్లూ మీదుగా దాదాపు పరుగెత్తాను. ఎవరికీ ఏం కాలేదు. మెట్రో పిల్లర్ పక్కన చేతిసంచితో నిలబడి ఉంది. చాయ్ తాగుదామని హోటల్లో కూర్చున్నాక, సంచిలోంచి పసుపు గుడ్డలో చుట్టిన రాగి రేకు ఒకటి తీసి నా చేతిలో పెట్టింది.

అగ్గిపెట్టె కన్నా కాస్త పెద్దది. నాలుగు మూలలా నాలుగు బీజాక్షరాలు. మధ్యలో నిలువుకు నాలుగు, అడ్డానికి నాలుగు గళ్లు. గళ్లలో ఈ అంకెలు:

47 1 44 8
43 9 46 2
6 42 3 49
4 48 7 41

తార్నాకలోనే ఏదో గల్లీలో, మేడ మీద గదిలో ఒకాయన రాసిచ్చాడట. ఎవరో చుట్టాలు చెబితే వెళ్లింది. పర్సులో పెట్టుకోవాలి. ఎవరికీ చూపించకూడదు. నేల మీద పెట్టకూడదు. నియమం తప్పితే తిరగబడుతుంది. ఖరీదు పదకొండు వేలు. పత్తి అమ్మిన డబ్బులో అప్పులు కట్టగా మిగిలినదాంట్లోంచి.

ఇదంతా నా వల్ల జరిగింది. అప్పటికి నాకు మూడు బ్యాక్‌లాగ్‌లు. ఇంట్లో చెప్పలేదు. మొదట రిజల్ట్ ఆగిందన్నాను, మళ్లీ అడిగితే మార్కులు ఎక్కించడంలో పొరపాటు జరిగిందన్నాను. బాగా చదివే పిల్లాడికి వరసగా ఇలా అవుతోందంటే ఎవరో ఏదో చేశారని అమ్మ అనుకుంది. నా అబద్ధానికి ఆమె వెతికి తెచ్చిన మందు ఆ రాగి రేకు. అప్పుడైనా నిజం చెప్పాల్సింది. నోరు రాలేదు. తీసుకుని పర్సులో పెట్టుకున్నాను.

రాత్రి హాస్టల్లో నిద్ర పట్టక దాన్ని బయటికి తీశాను. ఇంజినీరింగ్ బుర్ర ఊరుకోదు కదా, కూడటం మొదలుపెట్టాను. ఏ అడ్డు వరస కూడినా 100. ఏ నిలువు వరస కూడినా 100. మూల నుంచి మూలకు కూడినా 100. స్కూల్లో మాయాచదరం అని చదివాం కదా, అదే. నిజం చెప్పాలంటే ఒళ్లు కొంచెం జలదరించింది. మర్నాడు మన క్లబ్‌లో సంస్కృతం వచ్చిన సీనియర్ అన్నకు చూపిస్తే ఆయన నవ్వి, ఇది నాగార్జునుడి పేరు మీద ఉన్న లెక్క అన్నాడు.

మా వైపు నాగార్జున అంటే సాగర్ డ్యామ్. దాని ఎడమ కాల్వ నీళ్లతోనే మా పొలం పండుతుంది. కాదంటే సినిమా హీరో. గుంటూరు వైపు వాళ్లకైతే యూనివర్సిటీ. ఆ పేరు గల మనిషి ఎవరని ఇరవై ఏళ్లలో నేను ఒక్కసారీ అడగలేదు. మీలో కూడా చాలామంది అడిగి ఉండరు. అందుకే లైబ్రరీలో కూర్చుని చదివింది మీకు చెబుతున్నాను.

నలుగురు స్నేహితులు, ఒక మందు

నాగార్జునుడు సుమారు క్రీస్తుశకం 2వ శతాబ్దం వాడని ఎక్కువమంది పండితుల లెక్క. 3వ శతాబ్దం దాకా బతికి ఉండొచ్చనీ అంటారు. మన దగ్గర శాతవాహనుల కాలం ముగిసి ఇక్ష్వాకులు వస్తున్న రోజులు. ఆయన జీవితం గురించి దొరికే పాత కథ మన దేశంలో కాదు, చైనాలో ఉంది. 5వ శతాబ్దం మొదట్లో అక్కడ బౌద్ధ గ్రంథాలను అనువదించిన కుమారజీవుడి పేరు మీద ఆ కథ చైనా భాషలో నిలిచింది. చరిత్ర ఎంత, కల్పన ఎంత అని విడదీయడం కష్టం. కానీ కథ మాత్రం వినాల్సిందే.

దక్షిణాదిలో బ్రాహ్మణ కుటుంబంలో పుట్టాడు. చిన్నప్పుడే వేదాలు వచ్చేశాయి. ఖగోళం, లెక్కలు, ఆ కాలంలో ఉన్న విద్యలన్నీ వచ్చేశాయి. ఇరవై ఏళ్లకే నేర్చుకోవడానికి ఇంకేం మిగల్లేదనిపించింది. అలాంటివాళ్లే ఇంకో ముగ్గురు స్నేహితులు దొరికారు. నలుగురూ కూర్చుని, చదువు అయిపోయింది, ఇక సుఖపడాలి, దానికి దారి ఏమిటని ఆలోచించారు. కనపడకుండా తిరిగే విద్య నేర్చుకోవాలని తేల్చారు. ఫైనలియర్‌లో ప్లేస్‌మెంట్ వచ్చేశాక హాస్టల్లో జరిగే చర్చల్లాగే ఉంది కదా.

నలుగురూ ఒక మాంత్రికుడి దగ్గరికి వెళ్లారు. అతను గడుసువాడు. విద్య మొత్తం నేర్పిస్తే వీళ్లు మళ్లీ తన మొహం చూడరని తెలుసు. అందుకని తయారు చేసే పద్ధతి చెప్పకుండా ఒక్కొక్కరికీ ఒక నీలం మాత్ర ఇచ్చాడు. నీళ్లలో అరగదీసి కనురెప్పలకు రాసుకుంటే ఎవరికీ కనపడరు. మందు అయిపోతే మళ్లీ తన దగ్గరికే రావాలి.

నాగార్జునుడు మాత్రను నీళ్లలో అరగదీశాడు. వాసన చూశాడు. అంతే. దాంట్లో డెబ్భై దినుసులు ఉన్నాయని, ఏది ఎంత పాళ్లలో ఉందో చెప్పేశాడు. మాంత్రికుడికి దిమ్మ తిరిగింది. ఇక దాచి లాభం లేదని పద్ధతి మొత్తం చెప్పేశాడు.

తార్నాకలో ఐఐసీటీ గోడ వెంట నడిచినప్పుడల్లా నాకు ఇప్పుడు ఈ కథే గుర్తొస్తుంది. 1944లో హైదరాబాద్ రాష్ట్రం పెట్టిన ప్రయోగశాల, తర్వాత రీజనల్ రీసెర్చ్ లాబొరేటరీ అయి, ఇప్పుడీ పేరుతో ఉంది. ఒక మందులో ఏమేం ఉన్నాయో తేల్చడానికి ఈ రోజుల్లో పెద్ద పెద్ద మెషీన్లు కావాలి. మనోడు ముక్కుతో తేల్చాడని కథ. నమ్మక్కర్లేదు. కానీ ఒకటి గమనించండి. మంత్రం అని చెప్పి ఇచ్చినదాన్ని ఆయన దండం పెట్టి తీసుకోలేదు. అరగదీసి, లోపల ఏముందో చూశాడు.

నలుగురూ కనపడకుండా రాజు అంతఃపురంలోకి వెళ్లడం మొదలుపెట్టారు. వంద రోజులు దాటాయి. అంతఃపురంలో కొందరు స్త్రీలు గర్భవతులయ్యారు. రాజు మంత్రుల్ని పిలిచాడు. వాళ్లలో ఒక పెద్దాయన తెలివైన ఉపాయం చెప్పాడు. గుమ్మాల దగ్గర సన్నటి మట్టి చల్లించాలి. వచ్చేది దయ్యమైతే అడుగులు పడవు. మనుషులైతే పడతాయి. అడుగులు పడ్డాయి. రాజు తలుపులు మూయించి, కొన్ని వందల మంది సైనికుల చేత గాలిలో కత్తులు తిప్పించాడు. ముగ్గురు స్నేహితులు అక్కడికక్కడే చనిపోయారు. రాజు పక్కన కత్తి తిప్పడానికి వీల్లేదు కాబట్టి నాగార్జునుడు ఊపిరి బిగబట్టి రాజుకు ఆనుకున్నంత దగ్గరగా నిలబడ్డాడు. అలా ఒక్కడే బతికాడు.

అక్కడ నిలబడి ఉన్నప్పుడే ఆయనకు అర్థమైందట, కోరికే తమను ఇక్కడికి తెచ్చిందని. బతికి బయటపడితే సన్యాసం తీసుకుంటానని అనుకున్నాడు. బయటపడ్డాడు, తీసుకున్నాడు.

ఈ కథ మొదటిసారి చదివినప్పుడు నాకు ఆ మట్టి మీద అడుగులు బాగా గుర్తుండిపోయాయి. మనిషి కనపడకుండా పోగలడు గానీ అడుగు పడకుండా నడవలేడు. మూడు సబ్జెక్టులు దాచిన నాకు ఆ సంగతి ఎందుకు తగిలిందో చెప్పక్కర్లేదు.

శ్రీపర్వతం

భిక్షువయ్యాక త్రిపిటకాలు తొంభై రోజుల్లో పూర్తి చేశాడంటారు. అవీ చాలలేదు. హిమాలయాల్లో ఒక ముసలి భిక్షువు దగ్గర మహాయాన సూత్రాలు చదివాడు. అందులోనూ ఏదో తక్కువుందనిపించింది. మళ్లీ అదే పాత గర్వం తలెత్తి, సొంతంగా ఒక మతం పెడదామనుకున్నాడట. అప్పుడు నాగరాజు జాలిపడి సముద్రం అడుగున తన భవనానికి తీసుకెళ్లి, పెట్టెలు తెరిచి, మనుషులు చూడని గ్రంథాలు చూపించాడు. ఎన్ని చదివినా ఇంకా మిగిలే ఉన్నాయి. తనకు తెలిసింది ఎంత తక్కువో అక్కడ తెలిసింది. అర్జున వృక్షం కింద పుట్టి, నాగుల వల్ల జ్ఞానం పొందాడు కాబట్టి నాగార్జునుడు అయ్యాడని పేరుకు కథ చెబుతారు.

తర్వాతి జీవితం దక్షిణాదితో, ఒక శాతవాహన రాజు స్నేహంతో, శ్రీపర్వతంతో ముడిపడి ఉంది. ఇక్ష్వాకుల శాసనాల్లో శ్రీపర్వతం, విజయపురి అని కనిపించే చోటే మన నాగార్జునకొండ లోయ. జగ్గయ్యపేటలో దొరికిన బుద్ధ విగ్రహం మీద, ఆయన తర్వాత కొన్ని వందల ఏళ్లకు చెక్కిన శాసనంలో, నాగార్జునాచార్యుడి శిష్య పరంపర ప్రస్తావన ఉంది. అంటే కృష్ణా తీరంలో ఆ పేరు చాలాకాలం బతికే ఉంది.

ఆయన రాసినవాటిలో పెద్దది మూలమధ్యమకకారిక. 27 అధ్యాయాలు, సుమారు 450 శ్లోకాలు. చెప్పేది ఒక్కటే. ఏ వస్తువుకూ తనంతట తానుగా, ఇంకొకదానితో పని లేకుండా ఉండే స్వభావం లేదు. ప్రతిదీ మిగతావాటి మీద ఆధారపడి ఉంది. అలా సొంత స్వభావం లేకపోవడాన్నే శూన్యత అన్నాడు. ఏమీ లేదని కాదు. ఏదీ ఒంటరిగా లేదని.

దీన్ని కొందరు వెంటనే పట్టుకుని అడిగారు. అన్నీ శూన్యమైతే నీ మాటలు కూడా శూన్యమే కదా, అవి దేన్ని ఖండిస్తాయని. దీనికి విగ్రహవ్యావర్తని అనే పుస్తకంలో సమాధానం చెప్పాడు. అందులో ఆయన తెచ్చిన పోలిక చూసి నేను ఆశ్చర్యపోయాను. మాంత్రికుడు సృష్టించిన మాయామనిషి ఇంకో మాయామనిషిని ఆపగలడు కదా, నా మాటా అలాగే పని చేస్తుందని ఆయన వాదం సారాంశం. మాంత్రికుల దగ్గర తిరిగిన కుర్రతనం ఎక్కడికీ పోలేదు. తత్వంలోకి ఉపమానంగా వచ్చి కూర్చుంది.

ఇంకో చోట అంతకన్నా సూటిగా ఉంటుంది. కారికల 24వ అధ్యాయంలో శూన్యతను తప్పుగా అర్థం చేసుకుంటే మందబుద్ధి నాశనమైపోతాడని హెచ్చరిస్తూ రెండు పోలికలు చెప్పాడు. పామును పట్టుకోవాల్సిన చోట పట్టుకోకపోవడం ఒకటి. మంత్రవిద్యను తప్పుగా సాధన చేయడం రెండోది. ముగ్గురు స్నేహితులు కత్తులకు బలైపోవడం చూసినవాడి మాటలా అనిపించింది నాకు. కుమారజీవుడి కథ కల్పనే కావచ్చు. అయినా ఆ కథ అల్లినవాళ్లు ఈ మనిషిని బాగా చదివినవాళ్లే.

ఎంతమంది నాగార్జునులు?

ఇక్కడ ఒక చిక్కుంది. నాగార్జునుడి పేరు మీద తత్వం పుస్తకాలే కాదు, రసవాదం పుస్తకాలూ ఉన్నాయి. అంటే పాదరసంతో మందులు చేయడం, లోహాన్ని బంగారం చేయడం. 1030 ప్రాంతంలో మన దేశం గురించి రాసిన అల్ బిరూనీ, సోమనాథ్ దగ్గర పుట్టిన నాగార్జునుడనే రసవాది తనకు సుమారు వందేళ్ల ముందు ఉండేవాడన్నాడు. 2వ శతాబ్దం మనిషి 10వ శతాబ్దంలో ఎలా ఉంటాడు? ఆయన వందల ఏళ్లు బతికాడని సంప్రదాయం సర్దుకుంది. ఒకే పేరుతో ఇద్దరో ముగ్గురో ఉన్నారని పరిశోధకులు అంటారు. ప్రఫుల్ల చంద్ర రే 1902లో హిందూ రసాయనశాస్త్ర చరిత్ర రాసినప్పుడు కూడా నాగార్జునుడి పేరు దగ్గర ఆగాల్సి వచ్చింది.

ఆ తర్వాతి నాగార్జునుల్లో ఒకరి పేరు మీద ఉన్నదే కక్షపుటం. కక్ష అంటే చంక. చంకలో పెట్టుకుని తిరిగే సంచి అని ఆ పేరు. ఇది పూర్తిగా మంత్రతంత్రాల పుస్తకం. వశీకరణం, స్తంభనం, విద్వేషణం, ఉచ్చాటనం, మారణం. చివరిది చంపడం. కనపడకుండా చేసే అంజనాలు, పాతిపెట్టిన నిధులు వెతికే పద్ధతులు కూడా ఉన్నాయి. పాత సినిమాల్లో మాంత్రికుడు చేసేవన్నీ ఒక చోట చేర్చినట్టు ఉంటుంది.

అందులోనే ఒక చిన్న మంత్రంలాంటి వాక్యం ఉంది. పైకి చూస్తే అర్థం కాదు. కానీ కటపయాది పద్ధతిలో చదివితే ప్రతి అక్షరం ఒక అంకె అవుతుంది. సంగీతం నేర్చుకున్నవాళ్లకు ఇది తెలిసిందే. క అంటే 1, ట అంటే 1, ప అంటే 1, య అంటే 1, అక్కణ్నుంచి వరస. న అంటే సున్నా. పదం ముందున్న ఒంటరి అచ్చు కూడా సున్నానే. మాయామాళవగౌళలో మ అంటే 5, య అంటే 1, తిరగేస్తే 15. అది 15వ మేళకర్త. మేచకల్యాణిలో మ అంటే 5, చ అంటే 6, తిరగేస్తే 65. ఆ లెక్కలో కక్షపుటం మంత్రాన్ని విప్పితే పదహారు అంకెలు వస్తాయి. నాలుగేసి చొప్పున నాలుగు వరసల్లో రాస్తే ఇలా ఉంటుంది:

0 1 0 8
0 9 0 2
6 0 3 0
4 0 7 0

ఇప్పుడు మా అమ్మ తెచ్చిన రేకు మళ్లీ చూడండి. 1, 8, 9, 2, 6, 3, 4, 7 ఎక్కడివక్కడే ఉన్నాయి. సున్నాలున్న చోటే వేరే అంకెలు వచ్చాయి.

రహస్యం ఏమిటంటే ఆ సున్నాలు అంకెలు కావు, ఖాళీలు. మొత్తం ఎంత రావాలని కోరుకుంటున్నారో దాంట్లో సగం తీసుకోండి. దాన్ని ఎన్ అనుకుందాం. ప్రతి ఖాళీకీ మూలగా, అటు రెండు గళ్లు ఇటు రెండు గళ్లు దూరంలో ఒక అంకె ఉంటుంది. దాన్ని ఎన్ నుంచి తీసేసి ఖాళీలో రాయండి. మొదటి గడికి మూలగా రెండు గళ్ల అవతల ఉన్నది 3. కాబట్టి అక్కడ ఎన్ మైనస్ 3. మొత్తం 100 కావాలంటే ఎన్ 50. మొదటి గడి 47. అంతే. ఎన్ 9 కన్నా పెద్దదైతే చాలు, ఏ సరిసంఖ్య అడిగినా మాయాచదరం తయారవుతుంది. ప్రోగ్రామ్ రాస్తే పది లైన్లు. నాకు పావుగంట పట్టింది.

ఆ పావుగంటలో నాకు రెండు సంగతులు తెలిశాయి.

మొదటిది, నా ఒళ్లు జలదరించడానికి కారణమైన మహిమ ఎక్కడుందో. 47లో ఏమీ లేదు. ఎన్ మారితే అదే గడిలో 22 వస్తుంది, 97 వస్తుంది. 100 అనేది ఏ ఒక్క గడిలోనూ లేదు. ఒక్కో గడీ మిగతా గళ్లను చూసి తన విలువ తెచ్చుకుంటోంది. కారికల్లో 27 అధ్యాయాల పాటు ఆయన చెప్పింది నాకు ఆ రాగి రేకు మీద అర్థమైంది. ఆ నాగార్జునుడూ ఈ నాగార్జునుడూ ఒకరు కాకపోవచ్చు. తత్వంలోని శూన్యం నుంచే లెక్కల సున్నా పుట్టిందనడానికి ఆధారమూ లేదు. కానీ ఖాళీని లోపం అనుకోకుండా, దాని వల్లే మిగతాదంతా కుదురుతుందని చూడటం రెండు చోట్లా ఉంది.

రెండోది ఇంకొంచెం కష్టంగా ఉంది. ఆ మేడ మీద గదిలోని ఆయన అమ్మను ఏం కావాలని అడిగి ఉంటాడు. మా అమ్మ నూటికి నూరు అని చెప్పి ఉంటుంది. ఆయన 100ను సగం చేసి, ఎనిమిది తీసివేతలు చేసి, నియమం తప్పితే తిరగబడుతుందని ఒక భయం కలిపి, పదకొండు వేలు తీసుకున్నాడు. ఆ రేకుకు ఎవరికీ మేలు చేసే శక్తి లేదు, కీడు చేసే శక్తీ లేదు. ప్రమాదం అంతా పట్టుకునే చేతిలో ఉంది. మన జిల్లాల్లో బాణామతి చేశారనే అనుమానంతో మనుషుల్ని కొట్టి చంపిన వార్తలు మనమంతా పేపర్లో చదివినవాళ్లమే. అక్కడ చంపింది మంత్రం కాదు, మంత్రం ఉందన్న నమ్మకం. పామును తప్పుగా పట్టుకోవడం అంటే ఇదే కావచ్చు.

రాజుకు రాసిన ఉత్తరం

నాగార్జునుడి జీవితంలో నాకు అన్నిటికన్నా నచ్చింది ఆయన స్నేహం. శాతవాహన రాజుకు సుహృల్లేఖ పేరుతో ఉత్తరం రాశాడు. స్నేహితుడికి లేఖ అని అర్థం. ఎలా బతకాలో చెప్పే చిన్న శ్లోకాలు. 7వ శతాబ్దంలో మన దేశానికి వచ్చిన చైనా యాత్రికుడు ఇత్సింగ్, ఇక్కడ చదువుకునేవాళ్లు దాన్ని చిన్నప్పుడే కంఠస్థం చేస్తారని రాశాడు.

రాజు కోసమే రాసిన మరో పుస్తకం రత్నావళి. ఇందులో మోక్షం పక్కనే పాలన కూడా ఉంది. దారుల్లో నీళ్లు పెట్టించమన్నాడు. రోగులను, దిక్కులేనివాళ్లను చూసుకోమన్నాడు. ఖైదీలను విడిచిపెట్టే లోపు కూడా వాళ్లకు మంగలి, స్నానం, తిండి, మందు, బట్ట అందేలా చూడమన్నాడు. దాదాపు 1800 ఏళ్ల కిందటి మాట. బంగారం చేయగలడని జనం చెప్పుకున్న మనిషి, రాజుకు బంగారం చేసే పద్ధతి రాసివ్వలేదు. జైల్లో ఉన్నవాడికి క్షవరం చేయించమని రాశాడు.

బంగారం కథ కూడా ఉందనుకోండి. 7వ శతాబ్దంలోనే వచ్చిన హ్యుయెన్ త్సాంగ్ చెప్పాడు. రాజు నాగార్జునుడి కోసం కొండను తొలిచి పెద్ద ఆరామం కట్టిస్తూ ఖజానా ఖాళీ చేసుకున్నాడు. నాగార్జునుడు రాళ్ల మీద మందు చల్లి వాటిని బంగారం చేసి, పని పూర్తి చేయించాడు.

ఆయన మరణం కథ కూడా హ్యుయెన్ త్సాంగే చెప్పాడు. నాగార్జునుడి మందు వల్ల రాజు ఎంతకూ చావడం లేదు. రాజకుమారుడికి సింహాసనం రావడం లేదు. గురువు ఆయువు, రాజు ఆయువు ముడిపడి ఉన్నాయని, దానాలు చేసే మనిషి తల అడిగినా కాదనడని తల్లి చెప్పింది. కుర్రవాడు వెళ్లి తల అడిగాడు. నాగార్జునుడు కాదనలేదు. తాను పోతే నీ తండ్రి ఉండడే అని మాత్రం బాధపడ్డాడట. ఎండిన గడ్డి ఆకు ఒకటి తీసుకుని దాంతోనే మెడ తెంచుకున్నాడు. ఆ వార్త విని రాజు కూడా పోయాడు. టిబెట్ వాళ్లు ఈ కథకు ఇంకో ముక్క కలిపారు. ఆయన్ని ఏ కత్తీ కోయలేదట. ఎప్పుడో ఒక జన్మలో దర్భ కోస్తూ తెలియక ఒక పురుగును చంపాడు. ఆ ఒక్క బాకీ మిగిలింది కాబట్టి గడ్డిపరకకే తెగాడు.

వందల కత్తుల మధ్య నుంచి బయటపడ్డవాడు గడ్డిపరకకు పోయాడు. మంత్రంతో మొదలైన కథను చెప్పినవాళ్లు ఎక్కడ ముగించారో చూడండి. ఎంతటి మాంత్రికుడైనా తాను చేసిన పనికి లెక్క కట్టాల్సిందే.

నీళ్ల కింద లోయ

నాగార్జునకొండ శిథిలాలను 1926లో ఏ.ఆర్. సరస్వతి గుర్తించారు. తర్వాత లాంగ్‌హర్స్ట్ తవ్వించారు. 1955లో సాగర్ డ్యామ్‌కు శంకుస్థాపన జరిగింది. అది కడితే లోయ మునిగిపోతుందని అంతకుముందే తేలిపోయింది. 1954 నుంచి 1960 దాకా ఆర్. సుబ్రహ్మణ్యం ఆధ్వర్యంలో లోయంతా తవ్వి, దొరికినదాన్ని దొరికినట్టు నమోదు చేశారు. కొన్ని కట్టడాలను మోసుకెళ్లి పైన మళ్లీ కట్టారు. ఇప్పుడు కొండ కొన మాత్రమే దీవిలా మిగిలింది. అక్కడ మ్యూజియం ఉంది. లాంచీలో వెళ్లొచ్చు. మా ఇంటి నుంచి గంట దూరం కూడా ఉండదు. నేను చిన్నప్పుడు స్కూల్ టూర్‌లో వెళ్లి, లాంచీలో పాప్‌కార్న్ తిని వచ్చాను. కింద ఏముందో తెలియదు.

సంక్రాంతి సెలవులకు ఇంటికి వెళ్లినప్పుడు అమ్మకు నిజం చెప్పాను. మాటలతో మొదలుపెట్టడం రాక, రాగి రేకు, ఒక తెల్ల కాగితం ముందు పెట్టాను. కాగితం మీద ఇంకో చదరం వేశాను:

17 1 14 8
13 9 16 2
6 12 3 19
4 18 7 11

అమ్మ మహిళా సంఘం లెక్కల పుస్తకం రాస్తుంది. నాకన్నా వేగంగా కూడుతుంది. అడ్డంగా, నిలువుగా వేలితో చూసుకుంటూ వెళ్లి, అన్నీ 40 వస్తున్నాయేమిటని అడిగింది. పాస్ కావడానికి కావాల్సింది 40 అని చెప్పాను. అది కూడా మూడు సబ్జెక్టుల్లో నాకు రాలేదని చెప్పాను. రిజల్ట్ ఆగలేదని, పొరపాటు ఎవరిదీ కాదని చెప్పాను. తర్వాత పెన్ను ఆమె చేతికిచ్చి, చదరం ఎలా వేయాలో నేర్పించాను.

చాలాసేపు ఏమీ అనలేదు. పదకొండు వేల గురించి తిడుతుందనుకున్నాను. ఆ మాటే ఎత్తలేదు. ఏ సబ్జెక్టులు పోయాయో పేర్లు అడిగింది. నేను చెబుతుంటే సంఘం పుస్తకం వెనక అట్ట మీద తెలుగులో రాసుకుంది. సిగ్నల్స్ అనే మాట రెండుసార్లు అడిగి మరీ రాసింది.

మూడింటిలో ఒకటి పోయిన నెలలో పాసయ్యాను. 46 మార్కులు. ఫోన్ చేసి చెబితే, ఆ పేరు కొట్టేస్తానంది. ఇంకా రెండు ఉన్నాయి. రాగి రేకు ఇప్పుడు నా టేబుల్ మీద, లెక్కల నోట్సు ఎగిరిపోకుండా బరువుకు పెట్టాను. నియమం ప్రకారం ఎవరికీ చూపించకూడదు. ఇప్పుడు మీ అందరికీ చూపించేశాను. ఇంకా తిరగబడలేదు.

ఈసారి సాగర్ వైపు వెళితే లాంచీ ఎక్కి కొండ దాకా వెళ్లండి. అంతకుముందు ఒక కాగితం మీద పదహారు గళ్లు గీసి, మీకు కావాల్సిన మొత్తం ఎంతో అనుకుని, సగం చేసి మొదలుపెట్టండి. పైసా ఖర్చు లేదు.